ఉప్పు తగ్గించండి, నిమ్మరసం కలపండి
బి.పి. ఉన్నవారిని ఉప్పు తగ్గించమంటే, "చప్పగా ఎలా తినేదమ్మా?" అని మమ్మల్ని అడుగుతుంటారు. పులుపు తగిలితే ఉప్పు లోటు అంతగా తెలియదు.

తయారుచేసే విధానం: రెండు చెంచాల నిమ్మరసం, రెండు చెంచాల బత్తాయి రసం, ఒక చెంచా నువ్వుల నూనె, చిటికెడు మిరియాల పొడి గాజు సీసాలో పోసి బాగా కుదపండి. కడిగి తరిగిన కీరా, క్యారెట్, ఉడికించి చల్లార్చిన పెసర మొలకలపై వేసి వెంటనే తినండి. ఉప్పు వేయకండి.

నిమ్మలోని విటమిన్ సి వలన పెసలలోని ఇనుము ఒంటికి బాగా పడుతుంది. రక్తహీనత ఉన్నవారికి మేలు. వేడికి ఈ విటమిన్ తగ్గుతుంది కనుక రసాన్ని కాచకండి.

రోజు మొత్తానికి ఉప్పు 5 గ్రాములు, అంటే ఒక టీ చెంచా, మించకూడదు. ఆవకాయ, అప్పడాలలోని ఉప్పు కూడా ఈ లెక్కలోనిదే.

మూత్రపిండాల జబ్బు ఉన్నవారు డాక్టరుగారిని అడిగి వాడండి. బి.పి. మాత్రలు మాత్రం మానకండి.