అసైన్డ్ భూమిలో చెట్లు కొట్టేస్తే పరిహారం: తరచూ అడిగే ప్రశ్నలు

ఈ సమాధానాల్లో ‘అసైనీ’ అంటే డి.కె.టి. లేదా లావణి పట్టాతో ప్రభుత్వ భూమి పొందిన వ్యక్తి, ఆ వ్యక్తి చట్టబద్ధ వారసులు. ‘భూసేకరణ చట్టం’ అంటే 2013 నాటి కేంద్ర చట్టం.

1. భూమి సర్కారుదే కదా, చెట్లకు పరిహారం అడగవచ్చా?

అడగవచ్చు. ప్రజాప్రయోజనం కోసం అసైన్డ్ భూమిని వెనక్కి తీసుకుంటే, పూర్తి హక్కుదారుతో సమానంగా అసైనీకి పరిహారం చెల్లించాలని ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 2004లో మేకల పాండు కేసులో తీర్పు చెప్పింది. ‘పరిహారం ఉండదు’ అని పట్టాలో రాసిన షరతు ఇందుకు అడ్డు కాదు. అయితే పట్టా షరతులు ఉల్లంఘించారన్న కారణంతో భూమిని వెనక్కి తీసుకుంటే అదే తీర్పు ప్రకారం పరిహారం రాదు. కాబట్టి నోటీసులో ఏ కారణం చూపారో ముందు చదవండి. ఉల్లంఘన అని ఉంటే, గడువులోగా రాతపూర్వకంగా జవాబివ్వండి.

2. అసైనీ దగ్గర కొన్నవారి సంగతి?

1977 నాటి అసైన్డ్ భూముల బదలాయింపు నిషేధ చట్టం వర్తించే చోట కొన్నవారి హక్కు సాధారణంగా నిలవదు. ఆంధ్రప్రదేశ్‌లో 2023 సవరణ, 20 ఏళ్లు నిండిన అసైన్‌మెంట్లకు షరతులతో వెసులుబాటు కల్పించింది. తెలంగాణకు ఆ సవరణ వర్తించదు.

3. పట్టా ఇచ్చేనాటికే ఉన్న చెట్లకు?

పట్టా షరతులు చూడాలి. ఆ చెట్లు ప్రభుత్వానివేనని అందులో ఉంటే వాటికి పరిహారం అడగలేరు. అర్జీలో వాటినీ, మీరు పెంచిన చెట్లనూ వేర్వేరుగా చూపండి.

4. విలువ ఎలా కడతారు?

భూసేకరణ చట్టం సెక్షన్ 29 ప్రకారం వ్యవసాయ, అటవీ, ఉద్యాన రంగాల్లో అనుభవజ్ఞుల సేవలను కలెక్టర్ వినియోగించుకోవచ్చు. చిక్కంతా పండ్ల తోటల దగ్గరే వస్తుంది. తోట దిగుబడిని బట్టి విలువ కడితే అందులోనే భూమి విలువ కలిసిపోతుంది. భూమికి మళ్లీ వేరే పరిహారం ఉండదు, చెట్లకు కలప లేదా వంటచెరకు ధర మాత్రమే రావచ్చు. చుట్టుపక్కల ఖాళీ భూముల అమ్మకాలను బట్టి భూమి విలువ కడితే, చెట్ల విలువ వేరుగా అడగవచ్చు. రెండు లెక్కలూ వేసుకుని, ఏది లాభమో తేల్చుకున్నాకే అర్జీ పెట్టండి. చెట్ల విలువ కూడా కలిపిన మొత్తంపై నూరు శాతం సొలేషియం చెల్లించాలి.

5. పంచనామాలో ఏం చూసుకోవాలి?

‘మామిడి చెట్లు 30’ అని ఒక్క ముక్క రాసిన పంచనామాపై సంతకం పెట్టకండి. రకం, వయసు, చుట్టుకొలత, కాపు ఉన్నదీ లేనిదీ నమోదు చేయమని అడగండి. రాయకపోతే మీ అభ్యంతరాన్ని సంతకం పక్కనే రాయండి. అడంగల్‌లో లేదా పహాణీలో తోట బదులు మెట్ట పైరు ఉంటే, సర్వే నంబరు తెలిసేలా తీసిన ఫొటోలు, మొక్కలు కొన్న రసీదులు జత చేయండి.

6. అవార్డులో తక్కువ కట్టారు. గడువెంత?

అవార్డు ప్రకటించినప్పుడు మీరుగానీ మీ ప్రతినిధిగానీ హాజరై ఉంటే ఆ రోజు నుంచి ఆరు వారాలు. లేకుంటే, కలెక్టర్ నోటీసు అందాక ఆరు వారాలు లేదా అవార్డు తేదీ నుంచి ఆరు నెలలు, ఏది ముందు ముగిస్తే అది. తగిన కారణం చూపితే మరో ఏడాదిలోపు అర్జీని కలెక్టర్ స్వీకరించవచ్చు. దీన్ని నమ్ముకుని ఆలస్యం చేయవద్దు. డబ్బు తీసుకునేటప్పుడు ‘అభ్యంతరంతో తీసుకుంటున్నాను’ అని తప్పక రాయండి. అలా రాయకుండా తీసుకుంటే భూసేకరణ చట్టం సెక్షన్ 64 కింద అర్జీ పెట్టుకునే హక్కు పోతుంది. జాతీయ రహదారి కోసం సేకరించిన భూమికి ఈ దారి వర్తించదు. అక్కడ మధ్యవర్తిని ఆశ్రయించాలి.

7. నోటీసే ఇవ్వకుండా కొట్టేస్తే?

వెంటనే తహసీల్దారుకు, ఆర్డీవోకు రాతపూర్వకంగా ఫిర్యాదు చేసి, రసీదు తీసుకోండి. రాజ్యాంగంలోని 300ఎ అధికరణ ఆధారంగా హైకోర్టులో రిట్ వేయవచ్చు. అక్రమ ప్రవేశానికి నష్టపరిహారం కోరే సివిల్ దావాకు గడువు ఘటన జరిగిన రోజు నుంచి మూడేళ్లు. ప్రభుత్వంపై దావాకు సాధారణంగా రెండు నెలల ముందస్తు నోటీసు తప్పనిసరి.

8. కరెంటు తీగలకు అడ్డమని కొడితే?

2003 విద్యుత్ చట్టం సెక్షన్ 68 కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ సముచిత పరిహారం నిర్ణయిస్తారు. అయితే లైను వేయకముందే ఉన్న చెట్టుకే ఇది వర్తిస్తుంది. లైను వేశాక నాటినదానికి ఈ సెక్షన్ కింద రాదు.