తప్పు కోర్టుకు వెళ్తే గడువు పోతుందా?

దాత ఇచ్చిన మల్గీ గానీ, ఇల్లు గానీ మన చేతిలో అమానత్. దాన్ని కాపాడే పనిలో ఆక్రమణదారుల కంటే ఎక్కువ నష్టం చేసేది ఒక్కోసారి మన ఆలస్యమే. కోర్టుకు సకాలంలోనే వెళ్లినా, ఆ కోర్టు మనది కాకపోతే ఏమవుతుంది? దాతలూ, ముతవల్లీలూ తెలుసుకోవలసిన సంగతి ఇది.

మన నగరంలోని కేసే ఇందుకు పాఠం. స్త్రీ విద్య కోసం పాటుపడిన హైదరాబాదు రచయిత్రి సుగ్రా హుమాయూన్ మీర్జా పేరిట ఉన్న వక్ఫ్, కిరాయిదారులను ఖాళీ చేయించాలని వక్ఫ్ ట్రిబ్యునల్‌లో దావాలు వేసింది. ఆ అధికారం ట్రిబ్యునల్‌కు లేదని కిరాయిదారులు వాదించారు. హైకోర్టు వారి మాట ఒప్పుకోలేదు. కానీ 2010 సెప్టెంబరు 1న సుప్రీంకోర్టు ఒప్పుకుంది. ఆస్తి వక్ఫ్‌దే అన్నదానిపై తగాదా లేనప్పుడు, కిరాయిదారును ఖాళీ చేయించే దావా సివిల్ కోర్టులోనే వేయాలని తేల్చింది. తరువాత 2013 సవరణ ఆ అధికారాన్ని ట్రిబ్యునల్‌కు ఇచ్చింది. అంటే ఒకే రకమైన తగాదాకు సరైన తలుపు కొన్నేళ్లలోనే మారిపోయింది.

ఇలాంటి చోట ఆదుకునేది 1963 లిమిటేషన్ చట్టంలోని 14వ సెక్షన్. తప్పు కోర్టులో నడిచిన కాలాన్ని గడువు లెక్కలోంచి తీసేయమంటుంది. అందుకు షరతులు ఉన్నాయి. రెండు కేసులూ సివిల్ స్వభావంవి కావాలి. ప్రతివాది, వివాద విషయం ఒకటే కావాలి. మొదటి కేసును శ్రద్ధగా, సదుద్దేశంతో నడిపి ఉండాలి. అధికార పరిధి లోపం లేదా అలాంటి కారణం వల్లే అది ఆగి ఉండాలి. జాగ్రత్త లేకుండా చేసిన పనిని ఈ చట్టం సదుద్దేశంగా లెక్కించదు. న్యాయస్థానం లక్షణాలున్న ట్రిబ్యునల్‌లో గడిపిన కాలానికి కూడా ఈ మేలు వర్తిస్తుందని 2000లో సుప్రీంకోర్టు చెప్పింది.

లెక్క ఎలా వేయాలో చూద్దాం. ఆబిడ్స్‌లో ఒక మల్గీ ఉందనుకోండి. ఒక నెల కిరాయి బాకీకి గడువు, అది చెల్లించాల్సిన నాటి నుంచి 3 ఏళ్లు. రెండున్నరేళ్లు గడిచాక తప్పు చోట దావా వేశారు. అక్కడ 4 ఏళ్లు నడిచి, ఇది మా పరిధి కాదని ముగిసింది. ఆ 4 ఏళ్లనూ, వేసిన రోజు, ముగిసిన రోజు సహా, తీసేస్తారు. మిగిలింది 6 నెలలే. నాలుగో నెలలో సరైన కోర్టుకు వెళ్తే దావా నిలుస్తుంది. ఎనిమిదో నెలలో వెళ్తే కాలదోషం పట్టినట్టే. పాత కేసు ముగిశాక గడియారం మళ్లీ మొదటి నుంచి తిరగదు, ఆగిన చోటి నుంచే కదులుతుంది.

ఆబిడ్స్ నుంచి నాంపల్లికి నడిచి పోవచ్చు. అక్కడ హజ్ హౌస్‌లో వక్ఫ్ బోర్డు ఉంది, క్రిమినల్ కోర్టులూ ఉన్నాయి. కిరాయి ఎగ్గొట్టాడని మోసం కేసు పెట్టి ఏళ్ల తరబడి తిరిగినా, ఆ కాలం సివిల్ దావాకు కలిసిరాదు. బోర్డుకు అర్జీ పెట్టి జవాబు కోసం కూర్చున్నా అంతే. అర్జీ దావా కాదు.

ఇప్పుడే ఈ మాట ఎందుకంటే, వక్ఫ్ స్థిరాస్తిని తిరిగి స్వాధీనం చేసుకునే దావాలకు 1995 చట్టంలోని 107వ సెక్షన్ గడువు లేకుండా చేసింది. 2025 ఏప్రిల్ 8న అమల్లోకి వచ్చిన సవరణతో ఆ రక్షణ పోయింది. ఇకపై లిమిటేషన్ చట్టమే వర్తిస్తుంది. కిరాయి ఒప్పందం ముగిశాక కిరాయిదారు నుంచి స్వాధీనం పొందే దావాకు 12 ఏళ్ల గడువు. 12 ఏళ్లు చాలా అనిపిస్తాయి. కమిటీలు మారుతూ, ఫైళ్లు చేతులు మారుతూ ఉంటే అవి ఎంతసేపు?

అందుకే ప్రతి కమిటీ మూడు పనులు చేయాలి. ఒక్కో ఆస్తికీ ఒప్పందం తేదీ, ముగింపు తేదీ, బాకీ మొదలైన తేదీ ఒక రిజిస్టరులో రాసి ఉంచాలి. దావా వేసే ముందే, ఇది ఏ కోర్టు పరిధి అని వకీలు నుంచి రాతపూర్వకంగా అభిప్రాయం తీసుకోవాలి. పరిధి లేదని ఉత్తర్వు వచ్చిన రోజే సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టాలి. అవసరమైతే, ప్రతి వాయిదాకూ హాజరయ్యామని చూపే కాగితాలే రేపు మన శ్రద్ధకు సాక్ష్యం.

దాత ఒక్కసారి ఇస్తాడు. దాన్ని నిలబెట్టే పని ప్రతి తరానిది.