ఒకే గాలి: ఒక చిత్రాన్ని అర్థం చేసుకుందాం

ఈ పాఠం చదివిన తర్వాత మీరు:
• మనుషుల కష్టాలకూ, పరిసరాల క్షీణతకూ గల సంబంధాన్ని ఒక చిత్రం ఎలా చూపిందో వివరించగలుగుతారు.
• మీ జీవితం నుంచి అలాంటి ఉదాహరణ ఇవ్వగలుగుతారు.

"మా ఇంటి బాధలే మాకు చాలవా, పక్షుల సంగతి ఎందుకు?" అని మీరెప్పుడైనా అనుకున్నారా? ఈ ప్రశ్నను మనసులో ఉంచుకొని పాఠం చదవండి.

షౌనక్ సేన్ 2022లో తీసిన డాక్యుమెంటరీ చిత్రం 'ఆల్ దట్ బ్రీద్స్'. అంటే 'ఊపిరి పీల్చే ప్రతిదీ' అని అర్థం. ఈ చిత్రానికి ఆ సంవత్సరమే సన్‌డాన్స్, కాన్ చిత్రోత్సవాలలో బహుమతులు లభించాయి.

ఉత్తర ఢిల్లీలోని వజీరాబాద్‌కు చెందిన నదీమ్, సౌద్ అన్నదమ్ములు. గాయపడిన గద్దలకు ఇంటి నేలమాళిగలో చికిత్స చేస్తుంటారు. కొన్ని గద్దల రెక్కలను గాజుపొడి పూసిన మాంజా కోస్తుంది. సంక్రాంతికి గాలిపటాలు ఎగరవేసే మనకు మాంజా పదును తెలిసిందే. పొగ కమ్మిన ఆకాశం నుంచి మరికొన్ని నేల రాలుతాయి. చెత్తకుప్పల మీది మాంసపు వ్యర్థాలను తిని నగరానికి మేలు చేసే పక్షి ఇది.

ఇక ఇంట్లోకి చూడండి. ఆసుపత్రి నడపడానికి డబ్బు చాలదు. అన్న పైచదువుకు విదేశం వెళ్లాలనుకుంటాడు. ఆ తర్వాత పని భారమంతా తమ్ముడిదే. ఇంతలో 2020లో నగరంలో అల్లర్లు, ఇంట్లో భయం.

ఇక్కడ ఒక విషయం గమనించండి. ఈ కష్టాలన్నిటికీ కాలుష్యమే కారణమని చిత్రం చెప్పదు. అలా చెబితే పొరపాటే. ఇంటి దిగులునూ, గద్ద గాయాన్నీ పక్కపక్కన చూపుతుంది, అంతే. ఆ ఇద్దరూ, ఆ గద్దలూ పీల్చేది ఒకే గాలి అని మనకే అర్థమవుతుంది.

మన అనుభవంతో పోల్చుకుందాం. చలికాలంలో ఢిల్లీ గాలి మరీ చెడినప్పుడు భవన నిర్మాణ పనులు ఆపిస్తారు. గాలి కోసం అది అవసరమే. కాని ఆ రోజు కూలీ ఇంటికి కూలి డబ్బు రాదు. దగ్గే పిల్లవాడికి మందు మాత్రం కొనాలి. ఇప్పుడు చెప్పండి, ఇది ఇంటి బాధా, గాలి బాధా?

పాఠగత ప్రశ్నలు
1. గద్దలు గాయపడడానికి, నేల రాలడానికి రెండు కారణాలు రాయండి.
2. కష్టాలన్నిటికీ కాలుష్యమే కారణమనడం ఎందుకు పొరపాటు?
3. మీ వీధిలో గాలి, నీరు లేదా చెత్త వల్ల మీ ఇంటికి పెరిగిన ఖర్చు ఒకటి అయిదు వాక్యాలలో రాయండి.