జంట నాట్యం - రాధా రాజారెడ్డి దంపతులు

సంగారెడ్డి సమీపంలోని కంది నుండి కళాశాలకు వచ్చే విద్యార్థి ఒకడు, పటాన్‌చెరు కార్ఖానా కార్మికుడి కుమారుడు, తరగతిలో "సార్, నాట్యం ఆడపిల్లల విద్య గదా! మాకెందుకు?" అని అడిగాడు. ప్రశ్న సహజమే. చరిత్ర మాత్రం ఇందుకు విరుద్ధంగా ఉన్నది.

కృష్ణా జిల్లా కూచిపూడి గ్రామంలో తరతరాలుగా పురుషులే నటులు. భామాకలాపంలో సత్యభామ వేషాన్ని సైతం పురుషుడే ధరించేవాడు. వేదాంతం సత్యనారాయణశర్మ గారు ఆ వేషంలో అఖండ కీర్తి పొందారు. ఇరవయ్యవ శతాబ్దంలో స్త్రీలు ఈ విద్యను అభ్యసించారు. ఏకవ్యక్తి నర్తనం ప్రబలింది. క్రమంగా పురుషుడు వెనుకబడ్డాడు. స్త్రీపురుషులు ఇద్దరూ సమానంగా ఒకే రంగస్థలంపై నిలిచే నాట్యాన్ని సాధించినవారిలో రాధా రాజారెడ్డి దంపతులు అగ్రగణ్యులు.

రాజారెడ్డి 1943లో ఆదిలాబాదు ప్రాంతంలోని నర్సాపూరులో జన్మించారు. రాధతో వివాహం బాల్యంలోనే జరిగింది. ఇద్దరూ కూచిపూడి వంశీకులు కారు, ఆ ప్రాంతం వారూ కారు. వేదాంతం ప్రహ్లాదశర్మ గారి వద్ద నాట్యం నేర్చారు. ఢిల్లీలో మాయారావు గారి వద్ద రాజారెడ్డి నృత్యరచన అభ్యసించారు. 1976లో ఆ నగరంలోనే నాట్యతరంగిణి సంస్థను నెలకొల్పారు.

వారి ప్రయోగం ఎట్టిది? ఇద్దరూ ఒకే అడుగును ఒకే రీతిగా వేస్తే అది ఇద్దరి నాట్యమే గాని జంట నాట్యం కాదు. శివుడి ఉద్ధత నృత్తం తాండవం. పార్వతి సుకుమార నర్తనం లాస్యం. 'శివపార్వతి' వంటి అంశాలలో ఈ రెండింటినీ ఎదురెదురుగా నిలుపుతారు. పురుషుడి పాదఘాతంలోని బరువు స్త్రీ నడకలోని ఒయ్యారాన్ని స్పష్టం చేస్తుంది. ఆమె నిశ్చలత అతని వేగాన్ని ఇనుమడింపజేస్తుంది. తాళం ఒకటే, దేహధర్మాలు రెండు.

అయితే ఇందులో ఒక నష్టమూ లేకపోలేదు. యక్షగానంలో నటుడు స్వయంగా పాడుతాడు, సంభాషిస్తాడు. కూచిపూడికి ప్రాణమైన ఆ వాచికాభినయం జంట నాట్యంలో చాలవరకు గాయకుల పాలైంది. ప్రాచీన వాఙ్మయం చదివిన నాకు ఈ లోటు కొంచెం బాధాకరమే. ఐనా పురుషుడు స్త్రీవేషం ధరించకుండా, పురుషుడుగానే నర్తించి మెప్పించగలడని వారు నిరూపించారు. పద్మశ్రీ 1984లో, పద్మభూషణ్ 2000లో ఆ దంపతులను వరించాయి.

ఇంత విన్న ఆ విద్యార్థి మళ్ళీ లేచాడు. "ఇద్దరిలో ఒకరికి తాళం తప్పితే, సార్?" నట్టువాంగం వహించేవారి చేతి తాళాల వైపే ఇద్దరూ చెవి ఒగ్గి ఉంటారని చెప్పాను. ఆ దంపతుల ప్రదర్శనలలో ఆ బాధ్యతను వహించినది రాధ గారి సోదరి కౌసల్యారెడ్డి.