పంటిపురుగు – పంటిగార : నెల్లూరు సీమ చెప్పు పాఠము

“నోరు మంచిదైన ఊరు మంచిది” అని మన పెద్దలు చెప్పుదురు. ఆ సామెత మాటతీరును గూర్చినదే యైనను, నోటి లోపలి మంచిచెడ్డలను గూర్చియు మనము ఒకసారి ఆలోచింపవలసియున్నది.

మన తరగతులలో సముద్రతీరపు పల్లెల విద్యార్థులును, పడమటి మెట్ట గ్రామముల విద్యార్థులును ఒకే బల్లపై కూర్చుందురు. మైపాడు, ఇసకపల్లి, కృష్ణపట్నము వైపు నుండి వచ్చినవారిలో ఒకడు దవడపంటి నొప్పితో చెంప పట్టుకొని వచ్చును. ఉదయగిరి వైపు నుండి వచ్చినవారిలో మరియొకడు నవ్వునప్పుడెల్ల నోటికి చేయి అడ్డము పెట్టుకొనును. వాని ముందుపళ్ళపై గోధుమరంగు చారలు కలవు. మొదటివానిని చూచి “పంటికి పురుగు పట్టినది” అందుము. రెండవవానిని చూచి “వీడు పళ్ళు తోముకొనడు” అందుము. ఈ రెండు తీర్పులును తప్పే. మొదటిది పురుగు పని కాదు, కంటికి కానరాని సూక్ష్మజీవుల పని. రెండవది మురికి కాదు, త్రాగిన నీటి గుర్తు. ఈ భేదము తెలియనందున ఒకడు నిలుపుకొనదగిన పన్నును పోగొట్టుకొనుచున్నాడు. మరియొకడు చేయని తప్పునకు తల వంచుకొనుచున్నాడు. ఆ భేదమును విశదపరచుటయే ఈ వ్యాసోద్దేశము.

పురుగు అను భ్రమ

తెలుగున “పన్ను పుచ్చినది, పురుగు తొలిచినది” అందురు. ఉర్దూలో “దాఁత్ మేఁ కీడా లగా హై” అందురు. రెండు భాషలును ఇచ్చట ఒకే మాట చెప్పుచున్నవి. ఈ నమ్మకము మన దేశమునకు మాత్రమే చెందినది కాదు. ప్రాచీన బాబిలోనియా మట్టిపలకలపైన కూడ పంటిపురుగు ప్రస్తావన కలదు. పుచ్చిన వంకాయలో పురుగును చూచినవారు, పుచ్చిన పంటిలోను పురుగే యుండునని ఊహించుట సహజమే. సంతలలోను తిరునాళ్ళలోను ఆ పురుగును తీసి చూపుదుమని చెప్పి సొమ్ము పుచ్చుకొనువారును ఉండిరి. వారు చూపునది నోటిలో పుట్టినది కాదు, చేతివాటమున తెచ్చిపెట్టినది. ఫ్రాన్సు దేశపు దంతవైద్యుడు పియెర్ ఫొషార్ 1728లో ప్రకటించిన గ్రంథమున, తాను ఎంత వెదకినను పుప్పిపళ్ళలో పురుగు కానరాలేదని ఈ నమ్మకమును త్రోసిపుచ్చెను.

పురుగు లేదు గాని జీవులు కలవు. హాలండు దేశమున డెల్ఫ్ట్ నగరపు బట్టల వర్తకుడు లీవెన్‌హుక్ తాను నూరుకొనిన కటకములతో తన పళ్ళ సందులలోని తెల్లని పాచిని పరిశీలించి, అందు కదలాడు సూక్ష్మప్రాణులను కనుగొని, 1683లో లండను రాయల్ సొసైటీకి లేఖ వ్రాసెను. ఆయన ప్రతిదినము ఉప్పుతో పళ్ళు రుద్దుకొనువాడు. ఐనను పళ్ళ సందులలో పాచి మిగిలియే యుండెను. ఉప్పుకొటారులు గల మన తీరవాసులకు ఈ సంగతి గుర్తుంచుకొనదగినది: పాచి పోవుట రుద్దు పదార్థము వలన కాదు, రుద్దు స్థలము వలన.

పాచి యనగా నేమి?

ఉదయము లేవగానే నాలుకకు తగులు జిగట పొరను మనము పాచి యందుము. అది కేవలము మురికి కాదు. అది యొక జీవనగరము. మానవుల నోళ్ళలో ఇంతవరకు ఏడు వందలకు పైబడిన సూక్ష్మజీవుల జాతులను శాస్త్రజ్ఞులు గుర్తించిరి. వీనిలో అధికభాగము మనకు హాని చేయనివి. కొన్ని మేలు కూడ చేయును. దంతక్షయమున ముఖ్యపాత్ర వహించువానిలో ఒకటి స్ట్రెప్టోకాకస్ మ్యూటన్స్. దీనిని 1924లో కిలియన్ క్లార్క్ అను శాస్త్రజ్ఞుడు పుప్పిపళ్ళ నుండి వేరుచేసెను. లాక్టోబాసిల్లస్ జాతులును దీనికి తోడగును.

మ్యూటన్స్ చేయు పనులు రెండు. మనము తిను చక్కెర నుండి అది జిగురు వంటి పదార్థమును తయారుచేసి, దానితో పంటికి అంటుకొని, తోటి జీవులకు కూడ నిలువనీడ కల్పించును. అదే చక్కెరను పులియబెట్టి లాక్టిక్ ఆమ్లమును విడుచును. పాలు తోడుకొని పెరుగగునప్పుడు పుట్టు ఆమ్లమును ఇదే. పెరుగు కుండలో జరుగునది మేలు; పంటి సందున జరుగునది కీడు.

పంటి పైనుండు ఎనామెల్ పొర మన శరీరమున అన్నిటికంటె గట్టి పదార్థము. కాల్షియము, ఫాస్ఫేటులతో ఏర్పడిన ఆ పొర ఎముక వలె తన్ను తాను తిరిగి పెంచుకొనజాలదు. దాని చుట్టునున్న ద్రవపు పీహెచ్ సుమారు 5.5 కంటె తగ్గినచో అందలి ఖనిజములు కరుగ నారంభించును. మొదట తెల్లని మచ్చ కనబడును. పిమ్మట గుంట పడును. గుంట లోపలి డెంటిన్ పొరను చేరును. తుదకు నరములు, రక్తనాళములు గల పంటి గుజ్జును తాకును. అప్పుడు రాత్రి నిద్ర పోవును.

రుజువు దొరికిన విధము

విజ్ఞానశాస్త్ర విద్యార్థులు గమనింపవలసినది ఈ సిద్ధాంతము నిలిచిన తీరు. అమెరికాలో పుట్టి బెర్లినులో పనిచేసిన విల్లోబీ మిల్లర్ 1890లో నోటి సూక్ష్మజీవులపై గ్రంథము ప్రకటించెను. ఊడదీసిన పళ్ళను, రొట్టె లేక చక్కెర కలిపిన లాలాజలములో శరీరోష్ణమున నుంచగా పళ్ళు మెత్తబడెను. లాలాజలమును ముందుగా మరిగించినచో ఏమియు కాలేదు. మరిగిన పిమ్మట లేనివి జీవులే కదా!

ఐనను సందేహము మిగిలెను. దానిని 1954లో ఆర్లాండ్, ఆయన సహచరులు తీర్చిరి. సూక్ష్మజీవి యనునదే లేకుండ పెంచిన ఎలుకలకు చక్కెర మెండుగా గల ఆహారమునే పెట్టినను వానికి పుప్పి రాలేదు. చక్కెర ఒంటరిగా పన్నును చెరుపజాలదు. 1960లో కీస్, ఫిట్జ్‌జెరాల్డ్ అనువారు హామ్‌స్టర్ అను చిట్టెలుకలపై చేసిన పరిశోధనలలో ఈ వ్యాధి ఒక ప్రాణి నుండి మరియొక ప్రాణికి సోకగలదని చూపిరి. శిశువు నోటికి ఈ జీవులు సాధారణముగా పెంచువారి లాలాజలము వలననే చేరును. తాను నోట పెట్టుకొనిన గరిటెతో బిడ్డకు తినిపించుట ప్రేమయే, కాని ఆ ప్రేమతోపాటు పుప్పి బీజము కూడ పోవుచున్నది.

నేటి శాస్త్రము మరియొక మెట్టు ముందుకు పోయినది. దోషము ఒక్క జీవిది కాదు. పాచిలోని జాతులన్నియు ఒక సమతూకమున నుండును. మాటిమాటికి చక్కెర అందినచో ఆమ్లమును ఓర్చుకొను జాతులు బలిసి మిగిలినవానిని అణచును. ఆ తూకము చెడుటయే వ్యాధి.

ఎంత అన్నది కాదు, ఎన్నిసార్లు అన్నది

తీపి నోట పడిన కొద్ది నిమిషములలోనే పాచిలోని ఆమ్లము పెరిగి, తిరిగి మొదటి స్థితికి వచ్చుటకు సుమారు అరగంట నుండి గంట పట్టునని రాబర్ట్ స్టెఫాన్ 1940ల పరిశోధనలలో తేలెను. ఆ విరామమున లాలాజలము ఆమ్లమును విరిచి, కరిగిన ఖనిజమును కొంతవరకు పంటికి తిరిగి చేర్చును. అనగా ప్రతిదినము మన నోట నష్టమును పూడికయు నడచుచునే యున్నవి. పూడికకు వ్యవధి ఇచ్చుట, ఇయ్యకుండుట మన చేతిలోనున్నది.

స్వీడనులో వీపెహోమ్ అను వైద్యశాలయందు 1940లలో మొదలైన పరిశోధన ఈ విషయమునే చూపెను. భోజనముతోపాటు తీపి తినినవారికంటె, భోజనముల నడుమ పంటికంటు మిఠాయి తినినవారికి పుప్పి చాల అధికముగా వచ్చెను. అడుగుటకు నోరులేని మానసిక వికలాంగులపై ఈ పరిశోధన జరిపిరి. ఫలితము సత్యమే, మార్గము అధర్మము. ఈ రెండును మనము కలిపియే జ్ఞాపకముంచుకొనవలెను.

కావున పెండ్లినాడు భోజనమున నెల్లూరు మలైకాజా ఒకటి తిని నోరు పుక్కిలించినవానికి భయము తక్కువ. గంటకొకసారి చక్కెర టీ, నడుమ బిస్కెట్టు, పిమ్మట కూల్‌డ్రింకు త్రాగువాని పళ్ళు దినమంతయు ఆమ్లములో నానుచునే యుండును.

మన మెట్ట నీరు చెప్పిన కథ

ఇక రెండవ విద్యార్థి సంగతి. 1937లో షార్ట్, మెక్‌రాబర్ట్, బర్నార్డ్, మన్నాడి నాయర్ అను నలుగురు వైద్యులు ఇండియన్ జర్నల్ ఆఫ్ మెడికల్ రీసెర్చ్ పత్రికలో మద్రాసు రాజధానియందలి ఫ్లోరోసిస్ వ్యాధిని గూర్చి వ్యాసము ప్రకటించిరి. భారతదేశమున మానవులలో ఈ వ్యాధిని వర్ణించిన తొలి రచనలలో అది ముఖ్యమైనది. వారు చూచిన రోగులు నాటి నెల్లూరు జిల్లావారు. నాడు జిల్లాలో నుండిన పొదిలి, దర్శి, కనిగిరి ప్రాంతములు 1970లో ఒంగోలు జిల్లాగా ఏర్పడి 1972లో ప్రకాశము అను పేరు పొందిన జిల్లాలో చేరినవి. ఆ ఊళ్ళ బావినీటిలో ఫ్లోరైడు మితిమీరియుండెను. చిన్ననాట పళ్ళపై మచ్చలు, పెద్దనాట వెన్ను బిగిసికొనిపోవుట దాని ఫలము.

అమెరికాలోను ఇట్టి మచ్చల పళ్ళను ఫ్రెడరిక్ మెకే 1901 నుండి పరిశీలించెను. కారణము నీటిలోని ఫ్లోరైడని 1931లో చర్చిల్ అను రసాయనజ్ఞుడు కనుగొనెను. మచ్చలు గల ఊళ్ళలో పుప్పి తక్కువగా నుండుటను గమనించి, ట్రెండ్లీ డీన్ 1930లలోను 1942లోను జరిపిన సర్వేలలో, లీటరుకు సుమారు ఒక మిల్లిగ్రాము ఫ్లోరైడున్నచో మచ్చలు స్వల్పము, రక్షణ అధికమని తేల్చెను. ఫ్లోరైడు ఎనామెలులో చేరి దానిని ఆమ్లమునకు లొంగకుండ గట్టిపరచును; కరిగిన ఖనిజము తిరిగి చేరుటకు తోడ్పడును; సూక్ష్మజీవుల ఆమ్లోత్పత్తిని కూడ కొంత తగ్గించును. ఒకే పదార్థము కొలతలో మందు, కొలత దాటినచో విషము.

ఈ మచ్చలు పన్ను చిగురులో రూపొందు బాల్యమున, సుమారు ఎనిమిదేండ్ల లోపలనే ఏర్పడును. వానిని ఎంత తోమినను పోవు. అవి ఒకరి నుండి ఒకరికి అంటవు. తోమని దోషము కానే కావు. కొంతవరకు దంతవైద్యులు వానిని సరిచేయగలరు. పెండ్లిచూపులలోను ఉద్యోగపు ఇంటర్వ్యూలలోను ఈ మచ్చలను చూచి మనిషిని తక్కువ చేయుట అజ్ఞానము. ఐతే మచ్చలున్న పంటికి పుప్పి రానేరాదని కూడ అనుకొనరాదు.

మనము చేయవలసినది

విద్యార్థి మిత్రులారా! వేపపుల్ల, కానుగపుల్ల మన పల్లెలలో తరతరాల వాడుక. ముస్లిం కుటుంబములలో వుజూ వేళ మిస్వాక్ వాడుట, నోరు పుక్కిలించుట ఆచారము. ఇవి నిందింపదగినవి కావు. పుల్ల నమలి కుంచెగా చేసి పళ్ళ అన్ని వైపుల, చిగుళ్ళ అంచున మెల్లగా త్రిప్పినచో పాచి పోవును. పుక్కిలించుట తీపిని కడుగును గాని అంటుకొనిన పాచిని తీయజాలదు. ఇటుకపొడి, బొగ్గుపొడి ఎనామెలును అరగదీయును. పొగాకు కలిపిన పళ్ళపొడులను 1992లోనే ప్రభుత్వము నిషేధించినది. అట్టివి నేటికిని ఎవరి యింటనైన నున్నచో పారవేయుడు. దినమునకు రెండు మారులు ఫ్లోరైడు పేస్టుతో తోముకొనుట నేటి వైద్యుల సలహా. రాత్రి తోముట మరింత అవసరము; నిద్రలో లాలాజలము తగ్గును గనుక. పసివారికి బఠాణీగింజంత పేస్టు చాలును, దానిని మ్రింగనీయరాదు.

ఆరవ యేట పాలపళ్ళ వెనుక వచ్చు దవడపన్ను పాలపన్ను కాదు. అది పోయినచో మరల రాదు. ఇది తెలియక “ఊడి మరల వచ్చునులే” అని విడిచినవారు ఎందరో. పంటి గుంటను ఏ మాత్రయు పూడ్చదు. నొప్పిమాత్ర నొప్పిని దాచును, లవంగనూనె కొంతసేపు ఓదార్చును. గుంట చిన్నదిగా నున్నప్పుడే నింపించుకొనవలెను. నొప్పి వచ్చిన పన్ను నంతను పీకించుకొననక్కరలేదు; పెక్కు పళ్ళను వైద్యుడు నిలుపగలడు.

కళాశాల కమిటీవారికి మా మనవులు మూడు. కళాశాల, వసతిగృహముల త్రాగునీటిలో ఫ్లోరైడును ఏటేటా పరీక్షింపించవలెను. భారతీయ ప్రమాణము ప్రకారము లీటరుకు ఒక మిల్లిగ్రాము వరకు మంచిది. వేరు నీరు లేనిచోట ఒకటిన్నర వరకు మాత్రమే అనుమతి. నీటిని మరిగించినచో ఫ్లోరైడు పోదు. నీరు ఇగిరినకొలది చిక్కబడును. పటిక, సున్నములతో దానిని తగ్గించు నల్గొండ పద్ధతిని నాగపూరు పరిశోధకులు 1970లలోనే రూపొందించిరి. రెండవది, క్యాంటీనులో మిఠాయి సీసాల ప్రక్కన వేరుసెనగలు, అరటిపండ్లు, చక్కెర లేని మజ్జిగ కూడ ఉంచవలెను. మూడవది, ఏడాదికొకసారి దంతపరీక్ష ఏర్పాటు చేయవలెను. నెల్లూరున దంతవైద్య కళాశాల యున్నది కదా.

మొహర్రం మాసమున స్వర్ణాల చెరువు గట్టున, బారాషహీద్ దర్గా చెంత, మతభేదము లేక జనులు రొట్టెలు మార్చుకొందురు. ఆరోగ్యము కోరువారు ఆరోగ్యరొట్టె నందుకొందురు. ఆ కోరిక నెరవేరినవారు మరుసటి యేట తామే ఒక రొట్టె తెచ్చి మరియొకరికి ఇత్తురు. ఈ జ్ఞానమును కూడ అట్లే చేతులు మార్చుకొందము. ఈ సెలవులలో ఇంటికి పోయినపుడు ఆరేండ్ల తమ్ముని నోరు తెరిపించి ఆ దవడపన్నును ఒకసారి చూడుడు. చేయి అడ్డము పెట్టుకొని నవ్వు మిత్రునితో, అది నీ తప్పు కాదని చెప్పుడు.