చెప్పడం వేరు, నేర్పడం వేరు



ఈ నెల పాఠం బోధించేవారి కోసం. "మేమేమీ టీచర్లం కాదు కదా" అని పేజీ తిప్పేయకండి. కోడలికి బాలింత జాగ్రత్తలు చెప్పే అత్తగారు, తండ్రికి షుగరు మాత్రలు ఎప్పుడు వేసుకోవాలో చెప్పే కూతురు, సండేస్కూలు పిల్లలకు చేతులు కడుక్కోవడం నేర్పే అక్క, స్త్రీల సమాజంలో ఆరోగ్య విషయాలు చెప్పే సహోదరి, వీరందరూ బోధకులే. మీ మాట సరిగా చేరితే ఒక ప్రాణం నిలుస్తుంది. చేరకపోతే ఏమవుతుందో మా అనుభవం నుండే చెబుతాము.

మా వలన జరిగిన పొరపాటు

ఒకసారి ఏడాదిన్నర బాబును విరేచనాలతో తల్లి మా దగ్గరకు తీసుకువచ్చింది. బాబు హుషారుగానే ఉన్నాడు. ఓ.ఆర్.ఎస్. ప్యాకెట్లు ఇచ్చి, ఎలా కలపాలో, ఎంత తాగించాలో, ఏమి పెట్టాలో, ఎప్పుడు మళ్ళీ రావాలో అన్నీ గబగబా చెప్పాము. "అర్థమైందా అమ్మా?" అని అడిగాము. "ఆఁ, అయింది సిస్టర్" అన్నది. మా పని అయిపోయిందనుకున్నాము.

మరునాడు సాయంత్రం ఆ బాబును మగతగా ఉన్న స్థితిలో తీసుకువచ్చారు. లీటరు నీళ్ళలో కలపవలసిన ప్యాకెట్టును ఒక గ్లాసు నీళ్ళలో కలిపి తాగించారు. నీరు తక్కువై, ఉప్పు ఎక్కువైంది. వెంట వచ్చిన నాయనమ్మ, "మీరు నీళ్ళల్లో కలిపి పట్టమన్నారు కదమ్మా, అట్లాగే పట్టినాము" అన్నది. ఆమె మాటలో అబద్ధం లేదు. దేవుని కృప వలన, వైద్యం సకాలంలో అందడం వలన బాబు కోలుకున్నాడు. కానీ ఆ రోజు మేము ఒక విషయం ఒప్పుకోవలసి వచ్చింది. ఆ తల్లి వినలేదు అనడానికి లేదు. మేము చెప్పాము, కానీ నేర్పలేదు.

"అర్థమైందా?" అనే ప్రశ్నకు మన ఊళ్ళలో ఎవరూ "కాలేదు" అని చెప్పరు. పెద్దవారి ముందు, డాక్టరు ముందు అలా అనడం మర్యాద కాదనుకుంటారు. పైగా వెనుక పది మంది వరుసలో ఉంటారు. కాబట్టి ఆ ప్రశ్నకు వచ్చే జవాబును బట్టి పాఠం చేరిందో లేదో తెలియదు.

బంగ్లాదేశ్‌లో ఇంటింటి పాఠం

ఇదే విషయాన్ని ఒక దేశమంతటా నేర్పినవారున్నారు. బంగ్లాదేశ్‌లో విరేచనాలతో పిల్లలు ఎక్కువగా చనిపోతున్న రోజుల్లో, బ్రాక్ అనే సంస్థ 1980 నుండి 1990 వరకు గ్రామాలలో ఇంటింటికీ తిరిగి తల్లులకు ఉప్పు, బెల్లం కలిపిన నీళ్ళు తయారుచేయడం నేర్పింది. కోటి 20 లక్షలకు పైగా ఇళ్ళకు ఆ పాఠం చేరింది. మూడు వేళ్ళతో చిటికెడు ఉప్పు, గుప్పెడు బెల్లం, అర సేరు నీళ్ళు, ఇదే ఆ పాఠం. చదువురాని తల్లికి కూడా కొలత తన చేతిలోనే ఉన్నది.

ఆ పనిలో రెండు సంగతులు మనము గమనించాలి. మొదటిది, నేర్పే స్త్రీ తాను కలిపి చూపించి ఊరుకోలేదు. తల్లి చేత కలిపించింది. రెండవది, నేర్పిన కార్యకర్తకు జీతం ఎన్ని ఇళ్ళు తిరిగిందన్న లెక్క మీద ఇవ్వలేదు. కొన్ని వారాల తరువాత వేరొకరు వెళ్ళి, కొందరు తల్లులను అడిగి, వారికి ఎంత జ్ఞాపకమున్నదో చూసి, దానిని బట్టి ఇచ్చారు. విద్యార్థికి వచ్చిన మార్కులే టీచరు మార్కులయ్యాయి.

అయినా మొదట్లో ఒక చిక్కు వచ్చింది. తల్లులకు పాఠం జ్ఞాపకమున్నది గాని, బిడ్డకు విరేచనాలైనప్పుడు ఆ నీళ్ళు వాడేవారు తక్కువ. ఎందుకని విచారిస్తే, నేర్పే కార్యకర్తలలోనే చాలామందికి ఆ నీళ్ళ మీద నమ్మకం లేదని, తమకు విరేచనాలైతే వేరే మందులు మింగుతున్నారని తెలిసింది. అంతేకాక, ఇంట్లో మగవారికి ఎవరూ ఏమీ చెప్పలేదు. తరువాత కార్యకర్తలకు ఆ నీళ్ళు ఎలా పనిచేస్తాయో వివరంగా నేర్పారు. మగవారితోనూ మాట్లాడారు. అప్పుడు వాడకం పెరిగింది.

మంచి బోధకునికి ఏడు సూత్రాలు

1. ముందు మీరు చేయండి. మీరు చేయని పనిని ఎదుటివారికి చెప్పకండి. చేతులు కడుక్కోవడం నేర్పే టీచరు తాను కడుక్కోకుండా బిస్కట్లు పంచితే, పిల్లలు నేర్చుకునేది ఆ రెండవ పాఠమే.

2. ముందు అడగండి. "విరేచనాలైతే మీ ఇంట్లో ఏమి చేస్తారమ్మా?" అని అడిగితే, "నీళ్ళు పడితే ఇంకా ఎక్కువవుతాయని ఆపేస్తాము" అనే మాట రావచ్చు. ఆ మాట మనసులో ఉన్నంతవరకు మీ పాఠానికి అక్కడ చోటు లేదు. మొదట దానికి జవాబు చెప్పండి: పోయిన నీటిని తిరిగి ఇవ్వకపోవడమే బిడ్డకు ప్రమాదం. అపొస్తలుల కార్యములు 8వ అధ్యాయంలో ఫిలిప్పు రథములో ఉన్న ఐతియొపీయునికి వెంటనే బోధ మొదలుపెట్టలేదు. చదివేది తెలుస్తున్నదా లేదా అని ముందు అడిగాడు. అతడు తన సందేహం చెప్పాడు. బోధ ఆ సందేహం దగ్గర నుండే మొదలయ్యింది.

3. తక్కువ చెప్పండి. ఒక్కసారికి మూడు విషయాలు చాలు. పది చెప్పి రెండు మిగలడం కంటే మూడు చెప్పి మూడూ మిగలడం మేలు. ఆ మూడు ఏవో ఇంటి దగ్గరే ఆలోచించుకుని రండి.

4. వారి ఇంటి సామాను వాడండి. "ఒక లీటరు" అన్న మాట కొందరికి లెక్క, అంతే. చెంబులు ఒక్కో ఇంట్లో ఒక్కో సైజు. కాబట్టి లీటరు నీళ్ళ సీసా చేతికిచ్చి, ఆ నీళ్ళను వారి ఇంటి గిన్నెలో పోయించి, ఎంతవరకు వచ్చిందో గుర్తు పెట్టించండి. ఓ.ఆర్.ఎస్. ప్యాకెట్లలో చిన్నవి కూడా ఉన్నాయి. ఎన్ని నీళ్ళలో కలపాలో ప్యాకెట్టు మీద చూడడం కూడా నేర్పండి.

5. చేయి వారిది కావాలి. చూసింది మరచిపోతాము, చేసింది మరచిపోము. సీసా మీరు పట్టుకోకండి. తల్లి కలపాలి, మీరు చూడాలి. తప్పు చేస్తే చేయి లాక్కోకుండా, "ఇంకోసారి చూద్దామమ్మా" అనండి. సిగ్గుపడిన మనిషి నేర్చుకోడు.

6. తిరిగి చెప్పించండి. పరీక్ష పెట్టినట్లు కాదు. భారం మన మీద వేసుకుని అడగాలి. "నేను సరిగా చెప్పానో లేదో నాకు తెలియాలమ్మా. ఇంటికి వెళ్ళాక మీ అత్తయ్యగారికి ఎలా చెబుతారు?" అని అడగండి. ఆమె, "ప్యాకెట్టు గ్లాసులో పోసి..." అంటే అక్కడే ఆపి సరిదిద్దవచ్చు. ఆ రోజు మేము ఈ ఒక్క ప్రశ్న అడిగి ఉంటే బాబుకు ఆ ప్రమాదం వచ్చేది కాదు. దీనికి రెండు నిమిషాలు చాలు.

7. ఇల్లంతటికీ నేర్పండి, మళ్ళీ వెళ్ళండి. తల్లికి నేర్పినా, రాత్రిపూట బిడ్డను చూసేది నాయనమ్మ కావచ్చు, డబ్బు ఇచ్చేది తండ్రి కావచ్చు. వారిని కూడా కూర్చోబెట్టండి. రెండు మూడు వారాల తరువాత ఆదివారం ఆరాధన అయ్యాక, "ఆ నీళ్ళు ఎలా కలపాలో ఒకసారి చెప్పమ్మా" అని అడగండి. మరచిపోతే కోపపడకండి. మళ్ళీ నేర్పడం కూడా బోధకుని పనే.

ఈ నెల అభ్యాసం

ఈ సూత్రాలను చదివి పక్కన పెట్టకుండా, ఒక్క ఇంట్లో ఈ క్రింది పాఠం నేర్పి చూడండి.

మొదటి విషయం: చేతులు సబ్బుతో కడుక్కుని, లీటరు ప్యాకెట్టు మొత్తం ఒక లీటరు శుభ్రమైన తాగునీటిలో కలపాలి. కాచిన నీరైతే చల్లారిన తరువాత కలపాలి. కలిపిన నీటిని మళ్ళీ కాచకూడదు. 24 గంటలు దాటితే పారబోసి కొత్తగా కలపాలి.

రెండవ విషయం: నీళ్ళ విరేచనం అయిన ప్రతిసారీ, రెండేళ్ళలోపు బిడ్డకు 50 నుండి 100 మి.లీ., రెండేళ్ళు దాటిన బిడ్డకు 100 నుండి 200 మి.లీ. కొంచెం కొంచెంగా తాగించాలి. వాంతి అయితే పది నిమిషాలు ఆగి, మరింత నెమ్మదిగా మళ్ళీ మొదలుపెట్టాలి. తల్లిపాలు, అన్నం ఆపకూడదు. డాక్టరు ఇచ్చిన జింకు మాత్రలు విరేచనాలు తగ్గినా 14 రోజులు పూర్తిగా వేయాలి.

మూడవ విషయం: బిడ్డ మగతగా ఉన్నా, తాగలేకపోతున్నా, కళ్ళు లోపలికి పోయినా, మూత్రం సరిగా రాకపోయినా, విరేచనంలో రక్తం పడినా ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి తీసుకురావాలి. దారిలో కూడా, బిడ్డ తాగగలిగితే, ఆ నీళ్ళు పడుతూనే ఉండాలి.

నేర్పిన తరువాత మిమ్మల్ని మీరు ఈ మూడు ప్రశ్నలు అడగండి. నేను ఎక్కువ మాట్లాడానా, వారు ఎక్కువ మాట్లాడారా? కలిపినది ఎవరి చేయి? నేను లేనప్పుడు వారు మరొకరికి నేర్పగలరా? మూడవ ప్రశ్నకు "అవును" అని జవాబు వస్తే మీ పాఠం పూర్తి అయినట్లు.

ఇప్పుడు మా ఓ.పి.లో ఓ.ఆర్.ఎస్. ఇచ్చే బల్ల మీద ఒక లీటరు సీసా, గిన్నె, చెంచా ఉంటాయి. ప్యాకెట్లు చేతికిచ్చి పంపకుండా, తల్లి చేత ఒకటి కలిపిస్తున్నాము. వరుస కొంచెం నెమ్మదిగా కదులుతుంది. వేచి ఉన్నవారు దయచేసి ఓర్చుకోండి. మేము హడావుడిలో ఉండి ఆ సంగతి మరచిపోతే, "సిస్టర్, ఒకసారి నేను చెబుతాను, సరిగా ఉన్నదో లేదో వినండి" అని మీరే అడగండి. మాకు కోపం రాదు, మేలు చేసినవారవుతారు.

ప్రార్థన: ప్రభువా, మా మాటలు వినేవారి యెడల మాకు ఓర్పు దయచేయుము. మేము చెప్పిన దానిని మొదట మేమే చేయునట్లు సహాయము చేయుము. మా ఇండ్లలోని చిన్నబిడ్డలను కాపాడుము. ఆమేన్.