వైద్యుని నాలుగు అడుగులు

నిలబడినా, నడిచినా మన ఎముకలు శరీరం బరువును మోస్తాయి. రోదసిలో ఆ పని ఉండదు. అందువల్ల కాళ్ళ కండరాలు సన్నబడతాయి. తుంటి ఎముకలు నెలకు నూటికి సుమారు ఒక వంతు చొప్పున గుల్లబారతాయి. రక్తం తలవైపు చేరి ముఖం ఉబ్బుతుంది.

మరి కుజగ్రహం వరకు సాగే దీర్ఘయాత్రను మానవదేహం తట్టుకోగలదా? ఈ ప్రశ్నకు జవాబు వెదకుతూ రష్యా వైద్యుడు వలేరీ పొల్యకోవ్ తన శరీరాన్నే పరీక్షకు పెట్టారు. 1994 జనవరి 8న బయలుదేరి, 437 రోజులు రోదసిలో గడిపారు. 'మీర్' కేంద్రంలో ఉన్నన్నాళ్ళూ వ్యాయామం చేశారు. 1995 మార్చి 22న భూమికి తిరిగివచ్చారు. అలా వచ్చిన వ్యోమగాములను సాధారణంగా ఇతరులు మోసుకొని తెస్తారు. ఆయన మాత్రం దగ్గరలోని కుర్చీ వరకు తానే నడిచారు.

ఎముకకు పని ఉంటేనే బలం ఉంటుంది. ఇది రోదసిలోనే కాదు, మన ఊరిలోనూ నిజమే.